సబాటినీకి ఒక్క గ్రాండ్ స్లామేనా? 26 ఏళ్లకే ఎందుకు మానేసింది?

"గాబ్రియెలా సబాటినీ మ్యాచ్‌లు ఈమధ్యే యూట్యూబ్‌లో చూడ్డం మొదలుపెట్టాను. ఇంత అందంగా ఆడే మనిషికి సింగిల్స్‌లో ఒక్క గ్రాండ్ స్లామేనా? పైగా 26 ఏళ్లకే రిటైర్ అయిపోవడమేంటి? ఒత్తిడి తట్టుకోలేకపోయిందా?" ఇదీ ఇక్కడ ఒకాయన అడిగిన ప్రశ్న, అర్జెంటీనా టెన్నిస్ క్రీడాకారిణి గురించి. గ్రాండ్ స్లామ్ అంటే టెన్నిస్‌లో నాలుగు పెద్ద టోర్నీలు, ఆస్ట్రేలియన్, ఫ్రెంచ్, వింబుల్డన్, యూఎస్, వాటిలో ఏదైనా. నేను చూసేసరికే ముగ్గురు జవాబులు ఇచ్చేశారు, ముగ్గురిదీ ఒకటే మాట, మెంటల్‌గా వీక్ అని. ఒకాయనైతే అందం మీద ఉన్న శ్రద్ధ ఆట మీద లేదని కూడా రాశాడు. ఆయన ఆమె మ్యాచ్ ఒక్కటైనా మొదటి పాయింట్ నుంచి చివరి పాయింట్ దాకా చూసుంటాడని నేననుకోను.

నా జవాబు రెండే ముక్కలు: రెండో సర్వ్. అంటే పాయింట్ మొదలుపెట్టే బంతి మొదటిసారి తప్పితే ఇచ్చే రెండో అవకాశం, అదీ తప్పితే డబుల్ ఫాల్ట్, పాయింట్ ఎదుటివాళ్లకు. మిగతాదంతా దాని చుట్టూ తిరిగేదే. కొంచెం పొడుగ్గా రాస్తున్నా, తీరిక ఉన్నవాళ్లే చదవండి.

నాది చిన్న ఊరి క్లబ్బు. మూడు మట్టి కోర్టులు, తెల్లారి నీళ్లు కొట్టి రోలర్ లాగితేనే ఆడటానికి పనికొస్తాయి. ఇరవై ఎనిమిదేళ్లుగా అక్కడే పిల్లలకు ఆట నేర్పిస్తున్నాను. నేను రాష్ట్ర స్థాయి దాటి ఆడినవాణ్ణి కాదు. కానీ హాస్టల్ రోజుల్లో స్పోర్ట్‌స్టార్ పత్రిక నడిమి పేజీల పోస్టర్లు మంచం పక్కన అతికించుకున్న తరం మాది. మా గదిలో జర్మనీ స్టెఫీ గ్రాఫ్ పార్టీ, సబాటినీ పార్టీ అని రెండు పార్టీలు ఉండేవి, నాది ఎప్పుడూ ఓడిపోయే పార్టీ. కాబట్టి కొంచెం పక్షపాతం ఉంటుంది, క్షమించండి.

ముందు ఆమె ఎక్కణ్ణుంచి వచ్చిందో చెప్పుకోవాలి, లేకపోతే రిటైర్‌మెంట్ సంగతి అర్థం కాదు. పుట్టింది 1970 మే 16న, బ్యూనస్ ఎయిర్స్‌లో. తండ్రి ఓస్వాల్డో జనరల్ మోటార్స్‌లో పనిచేసేవాడు. అర్జెంటీనాలో గిల్లెర్మో విలాస్ అనే ఎడమచేతి ఆటగాడు 1977లో ఫ్రెంచ్ ఓపెన్, యూఎస్ ఓపెన్ రెండూ గెలిచేసరికి ఆ దేశంలో ప్రతి ఇంట్లో ఒక రాకెట్ కొనే రోజులవి. మన దగ్గర 1983 తర్వాత ప్రతి సందులో వికెట్లు పాతినట్టు అనుకోండి. ఈ పిల్ల ఆరేళ్లప్పుడు రివర్ ప్లేట్ క్లబ్బులో అన్నయ్య ఆడుతుంటే పక్కన గోడకేసి బంతి కొడుతూ మొదలుపెట్టింది. 13 ఏళ్లకు ఫ్లోరిడాలో ఆరెంజ్ బౌల్ 18 ఏళ్లలోపు విభాగం గెలిచింది. అంటే తనకంటే నాలుగైదేళ్లు పెద్ద పిల్లల్ని కొట్టింది. 1984లో జూనియర్ ఫ్రెంచ్ ఓపెన్, జూనియర్లలో ప్రపంచ నంబర్ వన్. బడి మానేసి, చిలీ కోచ్ పాట్రీసియో అపేతో ఫ్లోరిడాలో మకాం. 1985 జనవరిలో ప్రొఫెషనల్ అయింది, అప్పటికి 15 కూడా నిండలేదు.

ఆ ఏడాది ఏప్రిల్‌లో హిల్టన్ హెడ్ టోర్నీలో పెద్ద పేరున్న వాళ్లను వరసగా ఓడించి ఫైనల్‌కు వచ్చి అమెరికా దిగ్గజం క్రిస్ ఎవర్ట్ చేతిలో ఓడింది. జూన్‌లో ఫ్రెంచ్ ఓపెన్ సెమీస్, మళ్లీ ఎవర్ట్. 15 ఏళ్ల పిల్ల గ్రాండ్ స్లామ్ సెమీస్‌లో! మరుసటేడు వింబుల్డన్ సెమీస్ కూడా ఆడింది. ఇప్పుడు మా దగ్గర 15 ఏళ్ల పిల్లలు పదో తరగతి పరీక్షల టెన్షన్‌లో ప్రాక్టీసుకు నాలుగు నెలలు డుమ్మా కొడతారు. తల్లిదండ్రుల్ని అనను, వాళ్ల లెక్క వాళ్లది.

ఇక ఆట. సబాటినీది ఒంటిచేతి బ్యాక్‌హ్యాండ్, రెండువైపులా విపరీతమైన టాప్‌స్పిన్. టాప్‌స్పిన్ అంటే బంతిని కిందనుంచి పైకి దువ్వినట్టు కొట్టడం. నెట్ మీద ఎత్తుగా వెళ్లి, లోపల పడి, భుజం దాకా లేస్తుంది. మట్టి కోర్టు మీద ఇంకా లేస్తుంది. మా క్లబ్బులో పన్నెండేళ్ల పిల్లలకు అలాంటి బంతి నాలుగు వేస్తే ఐదో బంతికి వెనక ఫెన్సింగ్‌కు ఆనుకుని నిలబడతారు. సబాటినీ పెద్దపెద్దవాళ్లను అలాగే వెనక్కి నెట్టేది. చూడ్డానికి చాలా బావుంటుంది, ఆ భుజం తిప్పు, చివర్లో రాకెట్ తల మీదకు వెళ్లే తీరు. కానీ ఈ దెబ్బకు ఒక చిక్కుంది. ఒక్క బంతితో పాయింట్ అయిపోదు. నాలుగు, ఆరు, పది బంతులు ఆడితేగానీ ఎదుటివాళ్లు గాడి తప్పరు. ప్రతి పాయింటూ కూలి చేసి సంపాదించుకోవాల్సిందే.

ఇలా ఆడేవాళ్లకు ఊపిరి తీసుకునే చోటు ఒక్కటే ఉంటుంది, తమ సర్వీస్. మంచి సర్వ్ ఉంటే గేముకు ఒకటో రెండో పాయింట్లు ఊరికే వస్తాయి. సబాటినీకి అవి రాలేదు. మొదటి సర్వ్ ఫర్వాలేదు. రెండో సర్వ్ మాత్రం నెమ్మదిగా, స్పిన్‌తో వచ్చి సర్వీస్ బాక్స్ మధ్యలోనే పడి లేచేది. ఎదుటి మనిషి ఒక అడుగు లోపలికి వేసి, ఏ మూలకు కొడదామా అని ఎంచుకునేంత టైమ్ ఉండేది. గ్రాఫ్ లాంటి ఫోర్‌హ్యాండ్ ఉన్నామెకు, యుగోస్లావియా మోనికా సెలెస్ లాగా రెండుచేతులా రెండువైపులా బాదే ఆమెకు అలాంటి బంతి ఇస్తే ఏమవుతుంది? సర్వ్ చేసిందే గానీ, పాయింట్‌లో వెనకబడింది తనే. గేమ్ దగ్గరపడ్డ కొద్దీ భయం వల్ల చెయ్యి ఇంకా నెమ్మదిస్తుంది, బంతి ఇంకా పొట్టిగా పడుతుంది, లేదా డబుల్ ఫాల్ట్. బయటినుంచి చూసేవాళ్లకు కనిపించేది భయం మాత్రమే. నాకు కనిపించేది ఆ భయం వచ్చి కూర్చోడానికి ముందే వేసి పెట్టిన పీట.

ఇది మన తెలుగువాళ్లకు కొత్త సంగతేం కాదు. హైదరాబాద్ సానియా మీర్జా సింగిల్స్ చూసినవాళ్లకు ఈ కడుపుమంట బాగా తెలుసు. అంత ఫోర్‌హ్యాండ్ పెట్టుకుని, 2007లో 27వ ర్యాంకు దాకా వెళ్లి, రెండో సర్వ్ దగ్గరకొచ్చేసరికి టీవీ ముందు మనమే కళ్లు మూసుకునేవాళ్లం. డబుల్స్‌లో ఆ లోటు సగం కప్పబడుతుంది, నెట్ దగ్గర ఇంకో మనిషి ఉంటుంది కాబట్టి. సబాటినీ కూడా డబుల్స్‌లో 14 టైటిళ్లు గెలిచింది. 1988లో వింబుల్డన్ డబుల్స్ గెలిచింది ఎవరితో కలిసి అనుకున్నారు? స్టెఫీ గ్రాఫ్‌తో! అంతకుముందూ తర్వాతా ఇద్దరూ కలిసి ఫ్రెంచ్ ఓపెన్ డబుల్స్ ఫైనల్స్ మూడు ఓడారు, 1986, 87, 89ల్లో. ఒకే వయసు పిల్లలు, ఏడాదే తేడా, పొద్దున సింగిల్స్‌లో ఒకర్నొకరు చంపుకుని సాయంత్రం ఒకే బెంచీ మీద కూర్చునేవాళ్లు.

ఇప్పుడు "మెంటల్‌గా వీక్" అన్నవాళ్ల కోసం ఒక లెక్క. సబాటినీ గ్రాండ్ స్లామ్ సింగిల్స్‌లో 18 సార్లు సెమీస్ దాకా వెళ్లింది. అందులో 15 సార్లు అక్కడే ఓడింది. అంకె చూస్తే ఘోరంగానే ఉంది, ఒప్పుకుంటా. మరి ఎవరి చేతిలో? ఆరుసార్లు గ్రాఫ్. మూడుసార్లు సెలెస్. రెండుసార్లు అమెరికా మార్టినా నవ్రతిలోవా, రెండుసార్లు స్పెయిన్ అరాంచా శాంచెజ్, ఒకసారి ఎవర్ట్. మిగిలింది ఒక్కటి, 1992 ఆస్ట్రేలియన్ ఓపెన్‌లో అమెరికా మేరీ జో ఫెర్నాండెజ్ చేతిలో. అంటే 15లో 14 ఓటములు ప్రపంచ నంబర్ వన్ కుర్చీలో ఏదో ఒకప్పుడు కూర్చున్నవాళ్ల మీదే. ఆమె ప్రొఫెషనల్ అయినప్పుడు ఎవర్ట్, నవ్రతిలోవా ఇంకా దిగలేదు. వాళ్లు దిగుతుంటే గ్రాఫ్ ఎక్కింది. గ్రాఫ్‌ను పట్టుకునే టైమ్‌కి సెలెస్ వచ్చింది. నడిమి తరగతి రైలు పెట్టెలో రెండు కుటుంబాల మధ్య ఇరుక్కున్న ప్రయాణికుడిలా తయారైంది ఆమె పరిస్థితి. ఆమె ఎక్కిన అత్యుత్తమ ర్యాంకు 3, అదీ 1989లో. ఆ రోజుల్లో మూడంటే మామూలు మూడు కాదు.

గ్రాఫ్‌తో మొత్తం 40 సార్లు ఆడింది, 11 గెలిచి 29 ఓడింది. ఇది చూసి నవ్వేవాళ్లుంటారు. గ్రాఫ్‌ను అన్నిసార్లు ఓడించినవాళ్లు ఇంకెవరూ లేరు, నవ్రతిలోవా కూడా 9 దగ్గరే ఆగింది. మొదటి 11 మ్యాచ్‌లూ వరసగా ఓడింది. 12వది 1988 మార్చిలో బోకా రాటన్‌లో, మొదటి సెట్ 2-6 పోయాక 6-3, 6-1తో గెలిచింది. తనను 11 సార్లు ఓడించిన మనిషి చేతిలో మొదటి సెట్ కూడా పోగొట్టుకుని అక్కణ్ణుంచి తిరగబడటాన్ని మీరు వీక్ అంటే, నా దగ్గరున్న పిల్లలందరూ అలాగే వీక్ కావాలని దేవుణ్ణి మొక్కుకుంటా. ఆ 1988లో గ్రాఫ్ నాలుగు గ్రాండ్ స్లామ్‌లూ, ఒలింపిక్ బంగారమూ గెలిచింది. ఏడాది మొత్తంలో ఓడింది మూడంటే మూడు మ్యాచ్‌లు, అందులో రెండు సబాటినీ మీదే. కాకపోతే ఆ రెండూ చిన్న చోట్ల. యూఎస్ ఓపెన్ ఫైనల్‌లో 6-3, 3-6, 6-1తో గ్రాఫే గెలిచింది, సోల్ ఒలింపిక్స్ ఫైనల్‌లో 6-3, 6-3. ఆ ఒలింపిక్స్ ప్రారంభోత్సవంలో అర్జెంటీనా జెండా పట్టుకుని నడిచింది ఈ 18 ఏళ్ల అమ్మాయే. ఆ దేశానికి ఆసారి మొత్తం రెండే పతకాలు, ఒకటి ఆమె రజతం, రెండోది మగవాళ్ల వాలీబాల్ కాంస్యం. ఏడాది చివర్లో న్యూయార్క్‌లో సీజన్ ముగింపు ఛాంపియన్‌షిప్ కూడా గెలిచింది.

ఇక అసలు కథ, 1990.

ఆ ఏడాది ఫ్రెంచ్ ఓపెన్‌లో నాలుగో రౌండ్‌లోనే ఓడింది. అప్పటిదాకా ఆంఖెల్ హిమెనెజ్ అనే స్పెయిన్ కోచ్ ఆమెను పరుగులు పెట్టించి ఒళ్లు గట్టిపరిచాడు, అది అవసరమే, మొదట్లో మూడో సెట్‌కు వచ్చేసరికి ఆయాసపడిపోయేది. అయితే గంటలకు గంటలు బేస్‌లైన్ (కోర్టు వెనక గీత) దగ్గర కొట్టించడంతో ఆటకు విసుగు పట్టింది. ఆ దశలో బ్రెజిల్ మాజీ ఆటగాడు కార్లోస్ కిర్మాయర్ కోచ్‌గా వచ్చాడు. ఆయన చేసిన పని నాకు ఎప్పటికీ పాఠమే. కొత్త దెబ్బ ఏదీ నేర్పలేదు, సర్వ్‌ను విప్పి మళ్లీ బిగించలేదు. 20 ఏళ్ల మనిషి సర్వ్‌ను సీజన్ మధ్యలో మార్చడమంటే నడిచే బండికి చక్రం విప్పడమే, నేను ఒకసారి ఆ తప్పు చేసి ఒక పిల్లాడి ఏడాది పాడుచేశా. కిర్మాయర్ చేసిందల్లా ఆమె నిలబడే చోటు మార్చడం. నువ్వు అంత ఎత్తు స్పిన్ వేస్తే ఎదుటామె వెనక్కి వెళ్లిపోతోంది కదా, ఆ టైమ్‌లో నువ్వెందుకు వెనకే ఉండటం, నెట్‌కు రా అన్నాడు. నెట్ దగ్గర ఆమె చేతులు మెత్తన, వాలీ (బంతి నేల తాకకముందే కొట్టే దెబ్బ) బావుంటుంది, డబుల్స్ ఆడి ఆడి వచ్చిన విద్య. అంతే కాదు, నెట్‌కు వస్తే పాయింట్ మూడు బంతుల్లో తేలిపోతుంది, కూలి తగ్గుతుంది. రెండో సర్వ్ లోటు అలాగే ఉంది, కానీ ఎదుటామె సర్వీస్ గేముల్లో ఈమె దాడి చేస్తోంది కాబట్టి తన సర్వీస్ ఒకటి పోయినా రెండు తిరిగి తెచ్చుకుంటోంది.

ఆ సెప్టెంబరులో యూఎస్ ఓపెన్. సెమీస్‌లో మేరీ జో మీద 7-5, 5-7, 6-3. ఫైనల్‌లో గ్రాఫ్ మీద 6-2, 7-6. మొదటి సెట్ చూడండి, గ్రాఫ్‌కు ఏం జరుగుతోందో అర్థం కాదు. బ్యాక్‌హ్యాండ్ వైపు ఎత్తైన బంతి వేసి, గ్రాఫ్ దాన్ని స్లైస్ చేసేలోపు, అంటే అడుగున కోసినట్టు కొట్టేలోపు, ఈమె నెట్ దగ్గర గొడుగులా నిలబడి ఉంటుంది. స్లైస్ నెమ్మదిగా తేలుతూ వస్తుంది కదా, వాలీకి అంతకంటే మంచి బంతి ఉండదు. ఎదుటామెకున్న గొప్ప బలాన్ని ముట్టుకోకుండా పక్కనుంచి వెళ్లిపోవడమంటే ఇదీ.

ఒక అర్జెంటీనా ఆడమనిషి గ్రాండ్ స్లామ్ సింగిల్స్ గెలవడం అదే మొదలు, ఇప్పటికీ అదే చివర. దక్షిణ అమెరికా మొత్తం తీసుకున్నా ముగ్గురే. 1937లో యూఎస్ ఛాంపియన్‌షిప్ గెలిచిన చిలీ ఆమె అనీతా లిజానా, 1959 నుంచి 1966 మధ్య ఏడు గెలిచిన బ్రెజిల్ మరియా బ్యూనో, ఆ తర్వాత సబాటినీ. అంటే "ఒక్కటేనా" అన్నది మన ప్రశ్న, ఆ ఖండంలో మాత్రం 1966 తర్వాత ఆడవాళ్ల సింగిల్స్‌లో లెక్క మొత్తం ఆ ఒక్కటే. పావొలా స్వారెజ్ డబుల్స్‌లో ఎనిమిది గెలిచింది గానీ సింగిల్స్‌లో 2004 ఫ్రెంచ్ సెమీస్ దగ్గరే ఆగింది. 2020లో నాడియా పొడొరోస్కా క్వాలిఫయర్‌గా (ముందు అర్హత మ్యాచ్‌లు గెలిచి) వచ్చి అక్కడే సెమీస్ ఆడింది, 2023లో బ్రెజిల్ హద్దాద్ మాయా కూడా అంతే.

ఆ నవంబరులో ఇంకో మ్యాచ్ ఉంది, అదీ చూడాలి. సీజన్ ముగింపు ఫైనల్, న్యూయార్క్‌లోని మాడిసన్ స్క్వేర్ గార్డెన్, సెలెస్ మీద ఐదు సెట్లు, 6-4, 5-7, 3-6, 6-4, 6-2తో సెలెస్ గెలిచింది. 3 గంటల 47 నిమిషాలు. ఆడవాళ్లు ఐదు సెట్ల మ్యాచ్ ఆడటం 1901 తర్వాత అదే మొదటిసారి.

1991 మొదట్లో ఆమె మీద చెయ్యి వేసేవాళ్లు లేరు. బోకా రాటన్, కీ బిస్కేన్, అమేలియా ఐలాండ్, మూడుచోట్లా గ్రాఫ్‌ను కొట్టింది. రోమ్‌లో సెలెస్‌ను కొట్టి ఇటాలియన్ ఓపెన్ గెలిచింది. రోమ్ సంగతి చెప్పాలి, ఆ ఇంటిపేరు చూసి ఇటలీ వాళ్లు ఆమెను సొంత ఆడపడుచులా చూసేవాళ్లు, ఆమె కూడా అక్కడ నాలుగుసార్లు గెలిచింది, 88, 89, 91, 92. పుట్టింటికి వచ్చినట్టు ఆడేది.

తర్వాత వింబుల్డన్ ఫైనల్. 1991 జూలై 6. దీన్ని మా హాస్టల్ టీవీ గదిలో నలభైమందిమి చూశాం, నేల మీద కూర్చుని. 6-4 గ్రాఫ్, 6-3 సబాటినీ, మూడో సెట్‌లో 5-4 దగ్గర సబాటినీ మ్యాచ్ కోసం సర్వ్ చేసింది, అంటే తను సర్వ్ చేసే ఆ గేమ్ నిలబెట్టుకుంటే కప్పు తనదే. పోగొట్టుకుంది. మళ్లీ గ్రాఫ్ సర్వీస్ విరగ్గొట్టి (బ్రేక్ చేసి, అంటే గ్రాఫ్ సర్వ్ చేసిన గేమును తను గెలిచి) 6-5, మళ్లీ మ్యాచ్ కోసం సర్వ్. రెండు పాయింట్ల దూరం దాకా వచ్చింది. మళ్లీ పోయింది. 8-6 గ్రాఫ్. గ్రాఫ్ పార్టీ వాడొకడు మంచాలు దాటుకుంటూ ఎగిరాడు, నాకు ఇంకా గుర్తే. ఆ సెట్‌ను నేను తర్వాత ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు. ఆమె గ్రాఫ్ సర్వీస్‌ను బ్రేక్ చేయడంలో ఎక్కడా తడబడలేదు. భయస్తురాలైతే అక్కడే భయపడాలి కదా, ప్రపంచంలో బలమైన సర్వీస్‌ల్లో ఒకదాని మీద, ఆ పచ్చిక మీద. తడబడింది తన సర్వీస్ నిలబెట్టుకోవడంలో, రెండుసార్లూ అక్కడే. ఊరికే వచ్చే పాయింట్ ఒక్కటి, ఒకే ఒక్కటి ఉంటే చాలు, ఈరోజు మీరీ ప్రశ్న వేరేలా అడిగేవాళ్లు.

1993 ఫ్రెంచ్ క్వార్టర్ ఫైనల్ గురించి తక్కువ రాస్తా, ఇప్పటికీ బాధగానే ఉంటుంది. మేరీ జో మీద 6-1, 5-1 ఆధిక్యం. ఐదు మ్యాచ్ పాయింట్లు, అంటే ఇంకొక్క పాయింట్ వస్తే గెలిచేసే అవకాశం ఐదుసార్లు. ఓడింది, 1-6, 7-6, 10-8, మూడున్నర గంటల పైన. అప్పటికి నెట్‌కు రావడం తగ్గిపోయింది, మళ్లీ బేస్‌లైన్ వెనక్కి చేరింది. ఇక్కడ మనసు విరిగింది అని మీరంటే నేను కాదనను. 1992 మేలో రోమ్ గెలిచాక మళ్లీ టైటిల్ కోసం 1994 నవంబరు దాకా ఆగాల్సి వచ్చింది, రెండున్నరేళ్లు! ఆ వచ్చింది కూడా చిన్నది కాదు, సీజన్ ముగింపు ఛాంపియన్‌షిప్. మొదటి రౌండ్‌లో నవ్రతిలోవాను ఓడించి ఆమె సింగిల్స్ వీడ్కోలు మ్యాచ్‌లో అవతలి మనిషిగా నిలిచింది, ఫైనల్‌లో లిండ్సే డావెన్‌పోర్ట్‌ను 6-3, 6-2, 6-4తో కొట్టింది. రెండు నెలల తర్వాత సిడ్నీలోనూ డావెన్‌పోర్ట్ మీదే గెలిచింది. అది 27వ సింగిల్స్ టైటిల్, ఆఖరిది.

ఇక మాట్లాడటం అంటే ఆమెకున్న భయం. చిన్నప్పుడు కొన్ని టోర్నీల్లో సెమీస్‌లో కావాలనే ఓడిపోయేదాన్నని, ఫైనల్ గెలిస్తే అందరి ముందు మైక్‌లో మాట్లాడాల్సి వస్తుందన్న బిడియమే కారణమని ఆమే రిటైర్ అయిన చాలా ఏళ్లకు ఇంటర్వ్యూల్లో చెప్పింది. ఇది చదివి చాలామంది నమ్మరు. నేను నమ్ముతా. మా క్లబ్బులో ఒక అమ్మాయి ఉండేది, జిల్లా ఫైనల్ గెలిచింది, బహుమతి ఇచ్చే టైమ్‌కి మనిషి లేదు. వెతికితే నీళ్ల ట్యాంకు వెనక రాకెట్ బ్యాగ్ మీద కూర్చుని ఉంది. "సార్, కప్పు మీరే తీసుకోండి, నేను మాట్లాడను" అంది. నేను ఆవేళ కోప్పడ్డాను, బలవంతంగా లాక్కొచ్చి నిలబెట్టాను. ఆ తర్వాత టోర్నీలో క్వార్టర్స్‌లో చాలా తేలిగ్గా ఓడిపోయింది, ఎందుకో నాకు చాలా ఏళ్ల దాకా తట్టలేదు. ఇప్పుడైతే ఆ అమ్మాయికి రెండు నెలల ముందే మైక్ పెట్టే వాళ్లతో మాట్లాడి, దండం పెట్టి వచ్చేస్తే చాలని చెప్పి ఉండేవాణ్ణి. సబాటినీకి స్పానిష్‌లోనే మాట్లాడటం ఇబ్బంది, ఇక గెలిచిన ప్రతిచోటా ఇంగ్లిష్‌లో మాట్లాడాలి, 15 ఏళ్లకే. కెమెరాలన్నీ ఆమె వైపే. 19 ఏళ్లకు జర్మనీ కంపెనీ మ్యూలెన్స్ ఆమె పేరుతో సెంటు సీసా అమ్మడం మొదలుపెట్టింది, బాగా అమ్ముడుపోయింది కూడా, రాకెట్ పక్కన పెట్టాక ఆ వ్యాపారమే ఆమెకు రెండో జీవితం అయింది. అందం మీద శ్రద్ధ అన్న పెద్దమనిషికి చెప్పేదేంటంటే, అలా చూసింది లోకం. ఆమె తల దించుకుని బంతి కొట్టుకుంటూ పోయింది.

రిటైర్‌మెంట్‌కు వద్దాం. 1996లో పొట్ట కండరం గాయంతో ఫ్రెంచ్, వింబుల్డన్ రెండూ ఆడలేదు. అట్లాంటా ఒలింపిక్స్‌లో సెలెస్ చేతిలో, యూఎస్ ఓపెన్‌లో మూడో రౌండ్‌లో ఓడింది. అక్టోబరు 24న మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో మానేస్తున్నానని చెప్పింది. 26 ఏళ్లు అని మనం అంటున్నాం గానీ, వయసు లెక్కకు బదులు సర్వీసు లెక్క తీయండి. 1985 జనవరి నుంచి 1996 అక్టోబరు, దాదాపు 12 ఏళ్లు. అంతకుముందు జూనియర్ ప్రయాణాలు కలిపితే ఇంకో రెండు. 22కి ఉద్యోగంలో చేరినవాడు 34కి విసిగిపోయి రాజీనామా ఇస్తే మనం వింతగా చూడం. సానియా 2003లో ప్రొఫెషనల్ అయి 36 ఏళ్ల వయసులో మానేసింది, నిజమే, కానీ గాయాల వల్ల 2013లోనే సింగిల్స్ వదిలేసింది. సింగిల్స్ వరకు చూస్తే అదీ పదేళ్లే. పైగా సబాటినీ ఆట ఎలాంటిదో పైన చెప్పాను, ఊరికే వచ్చే పాయింట్లు లేని ఆట. ఇతరులు 20 ఏళ్లలో కొట్టే బంతులు ఆమె 12 ఏళ్లలో కొట్టేసింది అంటే అది నా అతిశయోక్తి, కానీ పెద్ద అబద్ధం కాదు. ఆడాలన్న కోరిక చచ్చిపోయిందని ఆమే చెప్పింది. వెనక్కి వస్తానని ఊరించలేదు, మధ్యలో ఒకసారి వచ్చి ఓడి పోలేదు.

ఇంకో సంగతి. ఇంత చిన్న పిల్లల్ని ఇన్ని టోర్నీలు ఆడనివ్వకూడదని ఆడవాళ్ల టెన్నిస్ సంఘం వయసు పరిమితులు గట్టిగా పెట్టింది 1995 నుంచి. అమెరికా అమ్మాయి జెన్నిఫర్ కాప్రియాతీ చిన్న వయసులో పడిన అవస్థ చూశాక వచ్చిన నిబంధనలవి. సబాటినీ 15 ఏళ్ల ఏడాదిలో ఆడినన్ని మ్యాచ్‌లు ఇప్పుడు అదే వయసు పిల్ల ఆడాలన్నా కుదరదు. విచిత్రం ఏంటంటే సబాటినీ ఆడిన చివరి మ్యాచ్, జ్యూరిక్‌లో, ఆ కాప్రియాతీ మీదే. ఓడింది.

ప్రైజ్ మనీ 87 లక్షల డాలర్ల పైనే, 2006లో టెన్నిస్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చోటు, ఇవన్నీ ఎక్కడైనా దొరుకుతాయి. 2022లో ఫ్రెంచ్ ఓపెన్ పాత ఆటగాళ్ల మ్యాచ్‌లకు తన దేశపు గిసేలా దుల్కోతో కలిసి వచ్చింది, 52 ఏళ్ల వయసులో ఆ బ్యాక్‌హ్యాండ్ అలాగే ఉంది, నమ్మకపోతే వెతికి చూడండి.

ప్రశ్న అడిగినాయనకు ఒక పని చెప్తా. 1990 యూఎస్ ఓపెన్ ఫైనల్, 1993 ఫ్రెంచ్ క్వార్టర్ ఫైనల్, రెండూ పక్కపక్కన పెట్టుకుని చూడండి. స్కోరు పట్టించుకోవద్దు. ప్రతి పాయింట్ ముగిసేటప్పుడు ఆమె కాళ్లు ఎక్కడున్నాయో ఒక కాగితం మీద గీత గీసుకోండి, బేస్‌లైన్ లోపలా, వెనకా అని. రెండో సర్వ్ పడ్డ చోట చుక్క పెట్టండి. పెట్టాక మళ్లీ రాయండి, ఇక్కడే ఉంటా, ఉదయం ఆరు నుంచి తొమ్మిది మాత్రం కోర్టులో ఉంటాను కాబట్టి ఫోన్ చూడను.